క్రోనోమెగాఫోను

లూమియేరు సోదరుల తొలి చిత్రములలో నొకటి లియోను నగరపు వీథిలో జరిగిన మంచుముద్దల పోరాటము. ముద్దలు తగిలి సైకిలువాడు క్రిందపడుట తెరమీద స్పష్టముగా గానవచ్చును. అచటి కేకలలో నొక్కటియు వినరాదు. బొమ్మను కదలించు విద్య చేజిక్కినను, ధ్వనిని సభయంతటికి వినిపించు విద్య అప్పటి కింకను పట్టువడలేదు.

ఆ లోటు దీర్ప నెంచి ఫ్రాన్సున లియోన్ గోమో నిర్మింపజేసిన క్రోనోమెగాఫోనును, 1869లో బందరున జన్మించి మదరాసున ఫొటోలు తీయుచు జీవించుచుండిన రఘుపతి వేంకయ్య నాయుడుగారు, ఆస్తి తాకట్టుపెట్టి తెప్పించి, 1910లో విక్టోరియా పబ్లిక్ హాలున ప్రదర్శించిరి. వెల 30,000 రూపాయలని ప్రతీతి. ఆ దినములలో అది ఎంత సొమ్మో తలచినచో, ఆ సాహసమునకు చేతులు జోడింపక తప్పదు.

ఆ యంత్రమున ఆడు చిత్రములకు ముందుగా పాటను రికార్డుమీది కెక్కించి, అది మ్రోగుచుండగా నటులు పెదవులు కదలింప బొమ్మ తీసెడివారు. ప్రదర్శనవేళ ప్రొజెక్టరును, రికార్డు త్రిప్పు యంత్రమును విద్యుత్తీగలతో జతపరచి, ఏది వెనుకబడినదో ముల్లుచే దెలుపు పలకను చూచుచు ఆపరేటరు వేగమును సరిదిద్దుచుండును. శబ్దమును పెంచు రేడియో వాల్వులు వాడుకలోనికి రాని కాలమది. అందుచే సూది కంపించినకొలది చిన్న కవాటమొకటి తెరచుకొనుచు మూసికొనుచునుండ, ఒత్తిపెట్టిన గాలి ఆ సందున వెలువడి బాకాలో గానమగుచుండెను.

ఫిలిము తెగినప్పుడే అసలు చిక్కు. సెకనుకు 16 బొమ్మల లెక్కన, అతుకువేయుటలో నాలుగు బొమ్మలు పోయినచో పావు సెకను జారిపోయి, పెదవి ముందు, పలుకు వెనుక యగును. పోయినన్ని నల్లని బొమ్మలు చేర్చిననే గాని జత కుదురదు. ఐరోపా జాతరలలోను ఆడిన ఇట్టి పెళుసు సరంజామాను వేంకయ్యగారు బర్మా, సింహళముల వరకు త్రిప్పి ఆడించిరి. అనంతరము మదరాసున గెయిటీ మొదలగు సినిమాహాళ్లు కట్టించిరి.

ఆయన కుమారుడు ప్రకాశ్ 1921లో తీసిన 'భీష్మప్రతిజ్ఞ' మాత్రము మూకీయే. యూరపులోనే ఆనాటికి గాలిబాకాల శకము ముగిసియుండెను. 'భక్త ప్రహ్లాద' 1932లో తెలుగున మాటలాడునాటికి వేంకయ్యగారు జీవించియే యుండిరి. అప్పటికి ధ్వని రికార్డును విడిచి ఫిలిము అంచుననే గీతలుగా నిలిచినది గనుక, ఎచట తెగినను బొమ్మయు పలుకును కలిసియే తెగి, కలిసియే అతుకుపడుచుండెను.