గంజాయి కేసులో జామీను: ముందు చూడాల్సింది బరువు

పిల్లవాడు గంజాయి కేసులో పట్టుబడ్డాడని ఇంట్లోవాళ్ళు మన సంఘం ఆఫీసుకు వచ్చినప్పుడు మొదట అడిగేది ఒకటే: "జామీను ఎప్పుడొస్తుందండీ?" నేను తిరిగి అడిగేదీ ఒకటే: "ఎన్ని కిలోలని రాశారు?" చాలామందికి తెలియదు. చేతిలో ఎఫ్.ఐ.ఆర్. కాపీ కూడా ఉండదు.

ఈ కేసులు 1985 నాటి ఎన్.డి.పి.ఎస్. చట్టం కిందికి వస్తాయి. అందులో శిక్ష, బెయిలు రెండూ ఎక్కువగా సరుకు బరువు మీదే నడుస్తాయి. గంజాయి కిలో లోపైతే చిన్న మొత్తం, శిక్ష ఏడాదికి మించదు. 20 కిలోలు దాటితే వాణిజ్య మొత్తం, తక్కువలో తక్కువ పదేళ్ళు. మధ్యలో ఉంటే పదేళ్ళ దాకా పడవచ్చు. అన్ని సరుకులకూ ఒకే లెక్క కాదు. బెంగళూరులో పనిచేసే పిల్లల దగ్గర దొరికే ఎం.డి.ఎం.ఎ. అయితే 10 గ్రాములు దాటితేనే వాణిజ్య మొత్తం. జేబులో పట్టేదే కదా అనుకుంటే పొరపాటు.

వాణిజ్య మొత్తం కాకపోతే జడ్జి మామూలు కేసుల్లో చూసేవే చూస్తారు: పాత కేసులున్నాయా, పారిపోతాడా, సాక్షులను బెదిరిస్తాడా. తరతరాలుగా ఇక్కడే ఉన్నామని చూపించే రేషన్ కార్డు, ఇంటి పన్ను రసీదు అక్కడ పనికొస్తాయి.

వాణిజ్య మొత్తమైతే 37వ సెక్షన్ అడ్డం వస్తుంది. ప్రభుత్వ వకీలుకు అభ్యంతరం చెప్పే అవకాశం ఇవ్వాలి. ఆయన వద్దంటే, ఇతను నేరం చేయలేదని నమ్మడానికి తగిన కారణాలున్నాయనీ, బయటికి వచ్చి మళ్ళీ నేరం చేయడనీ జడ్జికి నమ్మకం కలగాలి. విచారణ మొదలు కాకముందే ఇంత నమ్మకం కలిగించడం ఎంత కష్టమో ఊహించుకోండి. "వారంలో తెప్పిస్తాను" అన్న ఒక దళారీకి మా వీధిలో ఒక తల్లి మెడలోని గొలుసు తీసి ఇచ్చింది. ఆ కేసులో బరువు 20 కిలోల పైనే. వారం కాదు, నెలలు గడిచాయి. గొలుసూ తిరిగి రాలేదు.

మరి వకీలు దేని మీద వాదిస్తాడు? మొదట బరువు మీదే. చట్టం ప్రకారం గంజాయి అంటే మొక్క పూత, కాయ ఉన్న కొసలు. అవి లేకుండా ఉత్త ఆకులు, గింజలు లెక్కలోకి రావు. 21 కిలోలని రాసిన మూటలో గోనెసంచి బరువెంత, విడి ఆకులెంత అన్న ప్రశ్న వస్తుంది. ప్రతిసారీ నెగ్గుతుందని కాదు. ఒంటిమీద సోదా చేసేటప్పుడు గెజిటెడ్ అధికారి లేదా మేజిస్ట్రేట్ ముందు చేయించుకునే హక్కు ఉందని చెప్పారా అన్నది ఇంకొకటి. చేతిసంచిలో దొరికితే మాత్రం ఈ నియమం వర్తించదు. అధికారి ముందు ఇచ్చిన ఒప్పుకోలు వాఙ్మూలం సాక్ష్యంగా చెల్లదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. అది మన తమిళనాడు నుంచి వెళ్ళిన కేసే.

రోజుల లెక్క మరచిపోకండి. వాణిజ్య మొత్తం కేసులో 180 రోజుల్లో చార్జిషీటు వేయకపోతే బెయిలు హక్కవుతుంది. మొదట రిమాండుకు పంపిన రోజునూ కలిపి లెక్కపెట్టాలి. చార్జిషీటు పడకముందే పిటిషన్ వేయాలి, పడిన తర్వాత ఆ హక్కు పోతుంది. ప్రభుత్వ వకీలు కారణాలు చూపిస్తే కోర్టు ఈ గడువును ఏడాది దాకా పొడిగించవచ్చు. విచారణ ఏళ్ళ తరబడి సాగితే 37వ సెక్షన్ ఉన్నా బెయిలు ఇవ్వవచ్చని 2023లో సుప్రీంకోర్టు అన్నది. ఆ కేసులో మనిషి ఏడేళ్ళకు పైగా జైల్లో ఉన్నాడు.

మనవాళ్ళకు ముఖ్యమైనది ఇంకొకటుంది. ఎందుకు అరెస్టు చేశారో ఆ మనిషికి అర్థమయ్యే భాషలో చెప్పాలని 2025లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. హోసూరు కుర్రాడు బెంగళూరులో పట్టుబడితే కాగితాలు కన్నడంలో ఉంటాయి. చదవడం రాకపోతే ఆ సంగతి రిమాండు రోజునే మేజిస్ట్రేట్‌కు చెప్పాలి.

వకీలుకు డబ్బు లేకపోతే, జైల్లో ఉన్నవారెవరికైనా జిల్లా న్యాయ సేవల సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. ఫోన్ నంబరు 15100. సంఘం ఆఫీసుకు వచ్చేటప్పుడు ఎఫ్.ఐ.ఆర్., రిమాండ్ రిపోర్టు, మహజరు కాపీలు తీసుకురండి. ఏది ఎక్కడ అడగాలో తెలియకపోతే అర్జీ నేను రాసిపెడతాను.