షుగర్ గ్లైడర్‌కు పుష్టికరమైన ఆహారం

ఒక ప్రాణికి అమృతమైనది మరొక ప్రాణికి విషము కావచ్చును. ఏ దేహానికి ఏ ఆహారం చిరకాలంగా అలవడి హితమైనదో దానిని ఆయుర్వేదం సాత్మ్యమంటుంది. ఏనుగులకు పాలకాప్యుని పేర హస్త్యాయుర్వేదం, గుర్రాలకు శాలిహోత్రుని పేర అశ్వశాస్త్రం వేర్వేరుగా ఏర్పడడంలోని ఆంతర్యం ఇదే. మనిషికి మేలు చేసే ఆహారాన్ని, ఔషధాన్ని తూకం తగ్గించి పెట్టినంత మాత్రాన అది జంతువుకు మేలు చేయదు.

ఇటీవల మన గృహస్థుల ఇండ్లలోనికి షుగర్ గ్లైడర్ అనే ఒక చిన్నప్రాణి వచ్చి చేరుతున్నది. హైదరాబాదులో చదువుకొనే పిల్లలు దీనిని కొని, సెలవులలో బూర్గంపాడు, సారపాక, భద్రాచలంలోని తల్లిదండ్రుల వద్దకు తెస్తున్నారు. ఆ పెద్దలు నా వద్దకు వచ్చి, "వైద్యులుగారూ, ఇది నీరసంగా ఉన్నది. బలానికి ఏమి పెట్టాలి? ఏదైనా లేహ్యం నాకించవచ్చునా?" అని అడుగుతున్నారు. ఆ ప్రశ్నకు సమాధానమే ఈ వ్యాసం.

దీని స్వభావం

షుగర్ గ్లైడర్ ఆస్ట్రేలియా, న్యూగినీ అడవులకు చెందినది. చూపునకు ఉడుతను పోలినా ఉడుత జాతి కాదు. కంగారూ వలె పిల్లను పొట్టసంచిలో పెంచే జీవి. పెరిగిన ప్రాణి బరువు సుమారు 100 నుండి 150 గ్రాములు. ముందుకాళ్ళకు, వెనుక కాళ్ళకు నడుమ ఉన్న చర్మాన్ని విప్పి చెట్టు నుండి చెట్టుకు గాలిలో జారుతుంది. పగలు తొఱ్ఱలో నిద్రించి రాత్రి ఆహారం వెదుకుతుంది. గుంపుగా బ్రతికే జీవి కనుక ఒంటరిగా ఉంచితే దిగులుతో మేత మానివేయడం కూడ కలదు. చక్కగా సాకితే పది పన్నెండు సంవత్సరాలు జీవిస్తుంది.

మన తూర్పు కనుమల అడవులలోని ఎగిరే ఉడుత వేరు. అది నిజముగా ఉడుత జాతిదే. పండ్లు, ఆకులు, గింజలు దాని ఆహారం. దానికి పెట్టే మేత దీనికి పనికిరాదు. పైగా ఎగిరే ఉడుతను పట్టి పెంచడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. అడవి అంచున ఉన్న మా ప్రాంతపు వారు ఈ సంగతి ప్రత్యేకంగా గుర్తుంచుకొనవలెను.

అడవిలో అది తినేదేమి?

పేరులో షుగర్ ఉన్నందున దీనికి తీపిపండ్లే ఆహారమని చాలమంది భ్రమ. అడవిలో ఇది యూకలిప్టస్ చెట్ల బెరడును పండ్లతో గీరి అందులో ఊరే తియ్యని రసాన్ని నాకుతుంది. తుమ్మజాతి చెట్ల బంకను తింటుంది. పూల మకరందాన్ని, పుప్పొడిని గ్రహిస్తుంది. పురుగులు దొరికే కాలంలో వాటిని విస్తారంగా తింటుంది. పిల్లలను కని పెంచే సమయంలో దీని మాంసకృత్తుల అవసరం ప్రధానంగా పురుగుల వలననే తీరుతుంది. జిగురును జీర్ణించుకొనుటకు దీని ప్రేగులలో ఒక పెద్ద సంచివంటి భాగం కలదు.

సారపాక కాగితపు మిల్లు కోసం మా ప్రాంతంలో పెంచే జామాయిల్ కూడ ఆ యూకలిప్టస్ జాతిదే. అయినంత మాత్రాన జామాయిల్ ఆకు దీని ఆహారమనుకొనరాదు. ఇది నాకేది బెరడులోని రసం మాత్రమే. నీలగిరి తైలాన్ని దీనికి త్రాగించడం గాని, ఒంటికి పూయడం గాని ఎన్నడూ చేయరాదు.

మాంసకృత్తులు మాత్రమే చాలవు

బలహీనంగా కనిపించగానే ఉడికించిన పప్పు, గ్రుడ్డు, కోడిమాంసం, పురుగులు అధికంగా పెట్టడం పరిపాటి అయినది. మాంసకృత్తులు దీనికి తప్పక కావలెను. అవి లోపించిన ప్రాణికి రక్తహీనత, నీరసం కలుగుతాయి. కాని ఇక్కడ ఒక మెలిక ఉన్నది. మాంసకృత్తులున్న పదార్థాలలో చాలవాటియందు భాస్వరం ఎక్కువ, కాల్షియం తక్కువ. వంద గ్రాముల కందిపప్పులో కాల్షియం సుమారు 73 మిల్లీగ్రాములు ఉండగా భాస్వరం సుమారు 304 మిల్లీగ్రాములు. పెంకు తీసిన కోడిగ్రుడ్డులో కాల్షియం 60, భాస్వరం 220. కీచురాళ్ళలో కాల్షియం ఒక వంతయితే భాస్వరం దాదాపు ఏడు వంతులు. అంగళ్ళలో అమ్మే మీల్‌వార్మ్ అనే పిండిపురుగులలో ఈ తేడా ఇంకా అధికం.

గ్లైడర్ ఆహారంలో భాస్వరం ఒక వంతుకు కాల్షియం ఒకటి నుండి రెండు వంతులు ఉండవలెను. భాస్వరం మించితే శరీరం రక్తంలోని కాల్షియాన్ని నిలబెట్టుటకై ఎముకలను కరిగించుకొంటుంది. ఎముకలు గుల్లబారతాయి. మొదట వణకు, పిదప వెనుక కాళ్ళ బలహీనత, తుదకు కాళ్ళు పూర్తిగా చచ్చుబడుట సంభవిస్తాయి. పండ్లు, తేనె మాత్రమే తినే ప్రాణికి కూడ ఇదే గతి. మాంసకృత్తులు, కాల్షియం రెండూ లేనందున అది మరింత త్వరగా క్రుంగుతుంది.

ప్రకృతి ఏర్పాటు గమనించదగినది. తుమ్మబంక రసాయనికంగా కాల్షియం, మెగ్నీషియం, పొటాషియం కలిసిన లవణరూప పదార్థం. పురుగులోని భాస్వరానికి బంకలోని కాల్షియం అడవిలో తోడవుతుంది. మనం పురుగును తెచ్చి బంకను మరచినాము. కీడంతా అక్కడనే ఉన్నది.

మేత తయారుచేయు విధము

ఈ జాతి జీవులకు పశువైద్యులు చాలకాలంగా సూచిస్తున్న లెడ్‌బీటర్ మిశ్రమం ఇంటిలోనే చేసుకొనవచ్చును.

నీరు 150 మిల్లీలీటర్లు, తేనె 150 మిల్లీలీటర్లు, ఉడికించి పెంకు తీసిన కోడిగ్రుడ్డు ఒకటి, మాంసకృత్తులు అధికంగా ఉన్న పసిపిల్లల ధాన్యపు ఆహారం 25 గ్రాములు, జంతువులకై తయారైన విటమిన్ ఖనిజ చూర్ణం ఒక టీస్పూను తీసుకొనవలెను. నీరు గోరువెచ్చనైన పిదపనే తేనె కలపవలెను. మరుగుతున్న నీటిలో తేనె కలుపుట మన శాస్త్రానికి సమ్మతం కాదు. మిగిలిన పదార్థాలను చేర్చి, మెత్తగా రుబ్బి, ఫ్రిజ్‌లో ఉంచవలెను. మూడు రోజులు దాటిన మిశ్రమాన్ని పారవేయవలెను.

గ్లైడర్ రోజుకు తన బరువులో 15 నుండి 20 శాతం ఆహారం తింటుంది. అనగా 100 గ్రాముల ప్రాణికి 15 నుండి 20 గ్రాములు చాలును. అందులో సగం పై మిశ్రమం, మిగిలిన సగంలో అధికభాగం పురుగులు తినే జంతువులకై తయారుచేసిన సమతుల ఆహారం ఉండవలెను. పండ్లు, కూరగాయలు పదవ వంతుకు మించరాదు. బొప్పాయి, అంజూర, నారింజ, లేత మునగాకు మంచివి. మునగాకులో భాస్వరం కన్న కాల్షియం అనేక రెట్లు అధికం. పాలకూరలోని ఆక్సాలిక్ ఆమ్లం కాల్షియాన్ని ఒంటబట్టనివ్వదు గనుక దానిని మానవలెను.

బ్రతికిన కీచురాళ్ళు రెండు మూడు చాలును. వాటిని పెట్టుటకు ముందు ఒక దినం కాల్షియం కలిపిన మేత మేపి, పెట్టేటప్పుడు కాల్షియం చూర్ణం అద్దవలెను. శుభ్రమైన తుమ్మబంక శనగగింజంత అప్పుడప్పుడు ఇవ్వవచ్చును. తపసి బంక ఇవ్వరాదు. అది నీటిలో విపరీతంగా ఉబ్బే గుణం కలది.

ఆహారం ప్రొద్దుగ్రుంకిన తరువాత పెట్టి, తెల్లవారగానే మిగిలినది తీసివేయవలెను. మా గోదావరి తీరపు వేసవిలో గ్రుడ్డు కలిసిన పదార్థం కొద్ది గంటలలోనే చెడుతుంది. ఎండాకాలంలో రాత్రి రెండు విడతలుగా పెట్టుట మేలు. మంచినీరు ఎల్లవేళల అందుబాటులో ఉండవలెను.

ఇవ్వకూడనివి

చాక్లెట్, కాఫీ, టీ, ఉల్లి, వెల్లుల్లి, వేపుళ్ళు, మిఠాయిలు, బెల్లం, ఉప్పుకారాలు కలిసిన మన వంటకాలు పూర్తిగా వర్జ్యములు. పాలలోని చక్కెర దీనికి సరిగా జీర్ణం కాదు. విరేచనాలు పట్టుకొంటాయి. నెయ్యి, క్రొవ్వు పదార్థాలు స్థౌల్యాన్ని కలిగిస్తాయి. తల్లి అతిగా క్రొవ్విన పదార్థాలు తింటే పిల్లల కంటిపాపపై క్రొవ్వు పేరుకొని తెల్లని మచ్చలేర్పడతాయి.

తొలకరికి దీపం చుట్టూ ముసిరే ఉసుళ్ళను, తోటలో పట్టిన పురుగులను పెట్టవద్దు. మా మండలంలో పత్తికి, మిరపకు కొట్టే పురుగుమందులు ఆ పురుగుల ద్వారానే ఈ చిన్నప్రాణి కడుపులోనికి చేరవచ్చును. ఇంటిలో దోమల మందు, బొద్దింకల మందు చల్లినచోట దొరికిన పురుగులూ అంతే.

వైద్యుడిగా మరొక హెచ్చరిక. కాల్షియం కావలెనన్నాము గదా అని తాంబూలపు సున్నం గాని, శంఖభస్మం, ప్రవాళభస్మం గాని ఇవ్వరాదు. మన భస్మాల మాత్రలు మనుష్యదేహానికి నిర్ణయింపబడినవి. వంద గ్రాముల ప్రాణికి ఒక చిటికెడు కూడ అతిమాత్రయే. చ్యవనప్రాశం, అశ్వగంధ లేహ్యం మొదలైనవి కూడ వద్దు. కాల్షియం మోతాదును పశువైద్యుడే నిర్ణయించవలెను.

ఆలస్యం చేయకూడని లక్షణాలు

వెనుక కాళ్ళు ఈడ్చుట, చెట్టుకొమ్మ పట్టుకొనలేక జారుట, వణకు, కండ్లు లోనికి పోవుట, చర్మాన్ని చిటికెతో లాగి వదలినపుడు వెంటనే సర్దుకొనకుండుట, ఒక రాత్రంతా ఏమియు తినకుండుట అపాయ సూచనలు. కాళ్ళు చచ్చుబడినవి గనుక పక్షవాతమని తలచి మహానారాయణ తైలంతో మర్దన చేయుట కొన్ని ఇండ్లలో చూచినాను. ఎముకలు గుల్లబారిన ప్రాణికి మర్దన వలన ఎముకలు విరుగవచ్చును. పైగా ఒంటికి రాసిన తైలాన్ని అది నాకుతుంది. వ్యాధి తొలిదశలో గుర్తించి కాల్షియం, సరియైన ఆహారం అందిస్తే కోలుకొనే అవకాశం ఉన్నది. నూనెలతో వారం గడిపితే ఆ అవకాశం జారిపోతుంది.

ఇటువంటి అన్యదేశపు ప్రాణులను చూడగల పశువైద్యులు పల్లెలలో అరుదు. కనుక ప్రాణిని కొనుటకు ముందే అట్టి వైద్యుని చిరునామా, ఫోను నంబరు సంపాదించుకొనవలెను. పెంచలేమని తోచినపుడు దీనిని మన అడవిలో విడువరాదు. అది ఇక్కడ బ్రతకలేదు, బ్రతికితే మన అడవి జీవులకు చేటు కావచ్చును. పెంచగలవారికి అప్పగించుటయే ధర్మం.

పిల్లల ముచ్చట కొరకు తెచ్చిన ప్రాణి అయినా దాని ఆకలి ముచ్చట కాదు. రాత్రి నిద్రకు ముందు దాని గిన్నెలో ఏమి ఉన్నదో, ఎంత ఉన్నదో, కాల్షియం కలిసినదో లేదో చూచుకొనే ఓపిక ఉన్న ఇంటిలోనే అది సుఖంగా జీవిస్తుంది. అంతటి ఓపిక లేనివారు దీనిని కొనకుండుటయే ఆ ప్రాణికి చేయగల మేలు.