నౌకను నిలుపు గొలుసు

మదనపల్లె, పుంగనూరు, కుప్పము - ఈ మూడు ఊళ్ళును సముద్రమునకు దూరముగా మెట్ట ప్రదేశమున నున్నవి. ఊరి చెరువు నిండినప్పుడు తప్ప విశాలమైన నీటిని చూడని బాలబాలికలు ఇచ్చట అనేకులు గలరు. అయినను కుప్పములో రైలెక్కి తూర్పుగా పోయినచో కొన్ని గంటలలో చెన్నపట్టణపు సముద్రతీరమును చేరవచ్చును. 2007వ సంవత్సరము జూలై నెల మొదటి దినములలో ఆ పట్టణమునకు ఎదుట సముద్రమునందు అమెరికా దేశపు యుద్ధనౌక 'నిమిట్జ్' వచ్చి నిలిచినది. అది విమానములను మోసికొనిపోవు నౌక. దాని పొడవు సుమారు 333 మీటర్లు. బరువు సుమారు లక్ష టన్నులు. అంతటి నౌక రేవులోనికి రాక, వెలుపలనే లంగరు వేసికొని కొన్ని దినములు కదలక నిలిచినది.

దానిని నిలిపిన లంగరు బరువెంత? ఆ తరగతి నౌకల లంగరు ఒక్కొక్కటి సుమారు 27 టన్నులుండును. కుప్పము ప్రాంతపు గనులలో గ్రానైటు రాతిని పెద్ద దిమ్మెలుగా కోసి తీయుట మీలో కొందరు చూచియుందురు. రెండు మీటర్ల పొడవు, రెండు మీటర్ల వెడల్పు, రెండున్నర మీటర్ల ఎత్తు గల రాతిదిమ్మె ఇంచుమించు అంతే బరువు తూగును. నౌక బరువులో అది మూడువేలవ వంతునకంటెను తక్కువ. ఇంత చిన్న వస్తువు అంత పెద్ద నౌకను ఎట్లు పట్టియుంచగలదు? ఇది ఆలోచింపదగిన ప్రశ్న.

మొదట ఒక సంగతి గ్రహింపవలెను. నౌక బరువును మోయుచున్నది లంగరు కాదు, నీరు. లక్ష టన్నుల నౌక తాను తొలగించిన లక్ష టన్నుల నీటిచే భరింపబడుచున్నది. చెరువులో తేలుచున్న పెద్ద దుంగను ఒక బాలుడు చేతితో నెట్టినను అది మెల్లగా కదలును. అదే దుంగను గట్టుమీదికి లాగుటకు పదిమంది కావలెను. కావున లంగరు ఎదుర్కొనవలసినది నౌక బరువును గాక, నౌకను నెట్టునట్టి గాలిని, నీటి ప్రవాహమును, అలలను మాత్రమే. అయితే ఈ శక్తులు సామాన్యమైనవి కావు. గాలి వేగము రెండు రెట్లయినచో దాని తాకిడి నాలుగు రెట్లగును. వేగము మూడు రెట్లయినచో తాకిడి తొమ్మిది రెట్లగును. పిల్లగాలికి బుద్ధిగా నిలిచిన నౌక తుఫానులో లంగరును ఈడ్చుకొని పోవుటకు ఇదియే కారణము.

ఇక లంగరు సంగతి. పూర్వకాలమున నావికులు రంధ్రము చేసిన రాతిని తాటికి కట్టి నీటిలో వదలెడివారు. రాయి కేవలము తన బరువుచేతనే నావను నిలుపవలెను. కాని నీటిలో మునిగిన వస్తువు తాను తొలగించిన నీటి బరువునంత కోల్పోవునని మీరు పాఠములలో చదివియున్నారు. గ్రానైటు రాయి నీటిలో తన బరువున మూడవవంతునకు పైగా కోల్పోవును. చిన్న పడవకు రాయి చాలునేమో కాని పెద్ద నౌకకు చాలదు. అందుచేత మనుష్యులు బరువును విడిచి పట్టును ఆశ్రయించిరి. ఇనుముతో కాడ చేసి, దాని కొనయందు వాడియైన రెక్కలు అమర్చిరి. నేటి యుద్ధనౌకల లంగరులకు ఈ రెక్కలు కాడకు ఇరుప్రక్కలకు కొంతవరకు వాలునట్లు అమర్పబడియుండును. లంగరు ఏ ప్రక్కకు పడినను రెక్కలు క్రిందికి వాలి అడుగు మట్టిలో దిగబడును. నౌక లాగినకొలది అవి మరింత లోతునకు పోవును. అట్లు దిగబడిన లంగరు మంచి నేలలో తన బరువునకు కొన్ని రెట్ల బలమును ఎదుర్కొనగలదు.

ఈ దిగబడుటలో ఒక రహస్యము గలదు. పొలములో గుద్దలిని మట్టిలో నాటి, దాని కాడను నేలకు సమముగా పట్టి మీవైపునకు లాగి చూడుడు. గుద్దలి మట్టిలో మరింత బిగియును. అదే కాడను పైకెత్తి లాగుడు. ఎంత బలముగా నాటినదైనను ఊడివచ్చును. లంగరును ఇట్టిదే. నేలవెంబడి లాగినచో పట్టును. పైకి లాగినచో విడుచును. నౌక యేమో నీటిపైన నున్నది, లంగరు అడుగున నున్నది. రెంటికిని మధ్య బిగువుగా ఒక తాడు కట్టినచో లాగుడు ఏటవాలుగా పైకి పోవును, లంగరు ఊడివచ్చును. నౌక పైన నుండగా లంగరును నేలవెంబడి లాగుట ఎట్లు?

ఈ చిక్కును విప్పినది గొలుసు. నౌకనుండి లంగరు వరకు గొలుసు తిన్ననిగీతవలె నుండదు. నౌక ముక్కునుండి వ్రేలాడుచు, వంపు తిరిగి, అడుగునకు చేరి, అక్కడినుండి లంగరు వరకు నేలపై పడియుండును. పెరటిలో బట్టలారవేయు తాడు నడుమ క్రిందికి వంగియుండుట మీకు తెలియును. గొలుసు బరువైనది గనుక ఆ వంపు మరింత ఎక్కువ. 'నిమిట్జ్' వంటి నౌక గొలుసులో ఒక్కొక్క కడియము సుమారు 160 కిలోల బరువుండును. అది ఇంచుమించు ఒక పుంగనూరు ఆవు బరువు! పొట్టివని లోకప్రసిద్ధి గన్న మన పుంగనూరు ఆవులను ఒకదానివెనుక నొకటిగా వరుస కట్టి సముద్రములోనికి దింపినట్లు ఊహించుకొనుడు. అంతటి గొలుసు కొంతభాగము అడుగున పడియున్నంతకాలము లంగరునకు తగులు లాగుడు నేలవెంబడినే యుండును.

గొలుసు మరియొక మేలును చేయుచున్నది. గాలి విసురుగా వచ్చి నౌకను వెనుకకు నెట్టినప్పుడు, నేలపైనున్న కడియములు కొన్ని పైకి లేచును. వంపు కొంత సడలి గొలుసు చాచుకొనును. ఆ బరువును ఎత్తుటలోనే గాలి విసురు కొంత ఖర్చగును. గాలి తగ్గగానే గొలుసు తన బరువుచేత మరల క్రిందికి దిగి నౌకను ముందునకు తెచ్చును. బండికి విల్లుకట్టు ఎట్టిదో నౌకకు గొలుసు వంపు అట్టిది. కుదుపును అది మ్రింగివేయుటచేత లంగరునకు హఠాత్తుగా లాగుడు తగులదు.

పందొమ్మిదవ శతాబ్ది ప్రారంభము వరకు నౌకలకు నారతో పేనిన లావుపాటి తాళ్ళనే వాడిరి. అవి తేలిక, రాళ్ళపై ఒరసికొని తెగును, తడిసి కుళ్ళును. ఆ కాలమున శామ్యూల్ బ్రౌన్ అను ఆంగ్ల నౌకాధికారి ఇనుప గొలుసుల వాడుకకు ఎక్కువగా పాటుపడెను. పెద్ద గొలుసు కడియములో నడుమ ఒక అడ్డుకమ్మి యుండును. బలముగా లాగినప్పుడు కడియము నొక్కుకొనిపోకుండుటకును, గొలుసు మెలిపడకుండుటకును ఆ కమ్మి తోడ్పడును.

లోతునుబట్టి ఎంత గొలుసు వదలవలెను? దీనికి నౌకాదళములలో వాడుకలోనున్న ఒక లెక్క గలదు. గొలుసును 27.5 మీటర్ల తునుకలుగా చేసి ఒకదానితో నొకటి కలుపుదురు. ఒక్కొక్క తునుకను 'షాకిల్' అందురు. నీటి లోతును మీటర్లలో తీసికొని, దాని వర్గమూలమును ఒకటిన్నరచే గుణించినచో కావలసిన షాకిళ్ళు వచ్చును. లోతు 25 మీటర్లయినచో వర్గమూలము 5, షాకిళ్ళు ఏడున్నర, అనగా సుమారు 206 మీటర్ల గొలుసు. లోతు 36 మీటర్లయినచో తొమ్మిది షాకిళ్ళు, అనగా 247.5 మీటర్లు. మొదటిచోట గొలుసు లోతునకు ఎనిమిది రెట్లకు పైగా నున్నది. రెండవచోట ఏడు రెట్లు కూడ లేదు. లోతు పెరిగినకొలది వ్రేలాడు గొలుసు బరువు తానే పెరుగుటచేత అంత నిష్పత్తి అక్కరలేదు. గాలి హెచ్చునని తోచినప్పుడు ఇంకను ఎక్కువ గొలుసు వదలుదురు.

లంగరు దించుటయు ఒక విద్యయే. అడుగున బంకమట్టియో, గట్టి ఇసుకయో ఉన్నచోటును ముందుగా పటములో చూచుకొందురు. నున్నని రాతినేలపై రెక్కలు దిగవు. మెత్తని ఒండ్రులో దిగినను నిలువవు. నౌక గాలికి ఎదురుగా మెల్లగా వచ్చి ఆగును. పిమ్మట వెనుకకు జరుగుచుండగా లంగరును వదలుదురు. ఒక్కచోటనే నిలిచి వదలినచో గొలుసు లంగరుపై కుప్పగా పడి చిక్కుపడును. కావలసినంత వదలిన పిదప గొలుసును నౌక తట్టుపై బలమైన కొక్కెములతో బంధింతురు. గొలుసును చుట్టు యంత్రము లంగరును ఎత్తుటకు మాత్రమే. రేయింబవళ్ళు నౌక లాగుడును భరించునవి ఆ కొక్కెములు.

అంతటితో పని తీరదు. కట్టుకొయ్యకు పలుపుతో కట్టిన ఆవు ఆ పలుపు పొడవున వలయముగా తిరిగి మేయును గదా! లంగరు వేసిన నౌకయు గాలి మారినకొలది లంగరు చుట్టును తిరుగుచుండును. ఆ వలయములో మరియొక నౌక గాని, రాయి గాని ఉండరాదు. 2016 ఫిబ్రవరి 6వ తేదీన విశాఖపట్టణము ఎదుట అంతర్జాతీయ నౌకాదళ సమీక్ష జరిగినది. సుమారు 50 దేశముల నౌకాదళములు అందు పాల్గొనినవి. నాటి రాష్ట్రపతి ప్రణబ్ ముఖర్జీ 'సుమిత్ర' అను నౌకనుండి, వరుసలు తీరి లంగరు వేసియున్న నౌకలను పరిశీలించిరి. చూచువారికి ఆ వరుసల అందమే కనబడును. కాని ప్రతి నౌక చుట్టును కంటికి కనబడని వలయమొకటి లెక్కవేసి గీయబడియున్నది. లంగరు వేసిన నౌకపై ఎల్లప్పుడును కాపలా యుండును. డాల్ఫిన్స్ నోస్ కొండవంటి తీరపు గురుతులు ఏ దిక్కున కనబడుచున్నవో కాపలావారు మాటిమాటికి కొలిచి చూతురు. గురుతుల దిక్కు అనుకొనని విధముగా మారినచో లంగరు జారుచున్నదని అర్థము.

జారినచో నేమగును? 2020 అక్టోబరు నెలలో తీవ్ర వాయుగుండము వచ్చినప్పుడు, విశాఖపట్టణమునకు వెలుపల లంగరు వేసియున్న 'మా' అను బంగ్లాదేశపు సరకుల నౌక ఆ గాలికి నిలువలేక 13వ తేదీన తెన్నేటి పార్కు వద్ద ఒడ్డునకు కొట్టుకొని వచ్చినది. నావికులందరును క్షేమముగా బయటపడుట అదృష్టము.

అందరికిని అట్టి అదృష్టము కలుగలేదు. 1761 జనవరి 1వ తేదీ రాత్రి, పుదుచ్చేరిని ముట్టడించిన ఆంగ్ల యుద్ధనౌకలు తీరమునకు ఎదుట లంగరు వేసియుండగా పెనుతుఫాను వచ్చెను. నౌకాదళపతి స్టీవెన్స్ తన నౌకయైన 'నార్ఫోక్' లంగరు తాటిని నరికించి సముద్రములోనికి సాగిపోయెను. తక్కిన నౌకలును అట్లే చేయవలెనని ఫిరంగులు ప్రేల్పించి సంజ్ఞ చేసెను. గాలి హోరులో ఆ సంజ్ఞ వారికి అందలేదు. ఆజ్ఞకై వేచి నిలిచిన నౌకలలో కొన్ని మునిగిపోయినవి. కొన్ని ఒడ్డునకు కొట్టుకొనివచ్చి పగిలినవి. వందలకొలది నావికులు ప్రాణములు కోల్పోయిరి. 'నార్ఫోక్' బ్రతికి మరలివచ్చినది. నేటికిని తుఫాను హెచ్చరిక వచ్చినప్పుడు యుద్ధనౌకలు లంగరు ఎత్తి, తీరమును వీడి, నడిసముద్రమునకు పోవుట మర్యాద. ఎంతటి గొలుసుకైనను ఒక హద్దు గలదని నావికులు మరువరు.

లంగరు ఎత్తు విధము మిక్కిలి సులభముగా బోధపడును. యంత్రము గొలుసును చుట్టుచుండగా నౌక మెల్లగా లంగరునకు సరిగా పైకి వచ్చును. నేలపైనున్న గొలుసంతయు లేచి నిట్టనిలువుగా నిలుచును. అప్పుడు లాగుడు నేలవెంబడి గాక పైకి తగులును. గంటలకొలది గాలిని ఎదిరించి పట్టువిడువని లంగరు, గుద్దలి కాడను ఎత్తినంతనే ఊడివచ్చినట్లు, మట్టిని వీడి పైకి వచ్చును. బురద అంటిన గొలుసును నీటితో కడుగుచు నావికులు లోనికి తీసికొందురు. నౌక కదలును.