చెఱువు చేపలచే గ్రుడ్లు పెట్టించిన హీరాలాల్ చౌధురి

మన యూళ్ళ సంతలలో బుట్టలయందు పఱచి యుంచిన బొచ్చెను, శీలావతిని ఎఱుగని బాలుడుండడు. ఎఱ్ఱమోసును గూడ చాలమంది యెఱుగుదురు. వీనినే ఉత్తరదేశమువారు వరుసగా కట్ల, రోహు, మృగాల్ అని పిలుతురు. మన దేశపు మంచినీటి చెఱువులలో పెంచబడు చేపలలో ఈ మూడును ముఖ్యమైనవి. కాని వీనిని గుఱించి ఒక వింత సంగతి కలదు. ఇవి చెఱువులో మేత తినును, చక్కగా పెరుగును, వానకాలము వచ్చునప్పటికి పొట్టనిండ గ్రుడ్లు ధరించును. అయినను సామాన్యమైన చెఱువునందు తమంతట తాము ఆ గ్రుడ్లను విడువవు. అట్లయిన ఏటేట చెఱువులలో వదలబడుచున్న కోట్లకొలది పిల్లలు ఎచ్చటినుండి వచ్చుచున్నవి? ఈ ప్రశ్నకు సమాధానము ఒక జంతుశాస్త్రజ్ఞుని జీవితముతో ముడిపడి యున్నది. ఆయన పేరు హీరాలాల్ చౌధురి.

ఆయన కృషి యొక్క విలువ తెలియవలెనన్న, పూర్వపు పద్ధతిని ముందుగా తెలిసికొనవలెను. ఈ చేపలు స్వభావముచే నదీచరములు. తొలకరి వానలకు వరద వచ్చి, నీరు గట్లు పొర్లి మెరకలపైకి ప్రాకినప్పుడు, ఆడచేపలును మగచేపలును ఆ పలుచని నీటికి చేరి, అచ్చట గ్రుడ్లు పెట్టి ఫలింపజేయును. గ్రుడ్లును, అప్పుడే పుట్టిన పిల్లలును వరదనీటిలో కొట్టుకొని పోవుచుండును. గంగానదీ ప్రాంతమునందలి జాలరులు సన్నని కన్నులు గల వలలను ప్రవాహమున కట్టి వానిని పట్టుకొనెడివారు. ఆ పిల్లలను కుండలలో నింపి కలకత్తాకు చేర్చి, అచ్చటినుండి రైళ్ళమీద దూరదేశములకు పంపెడివారు. దారి పొడవున మనుష్యుడు కుండలలోని నీటిని చేతితో కదుపుచు గాలి తగులునట్లు చేయవలసి యుండెను.

ఈ పద్ధతియందు మూడు లోపములు గలవు. మొదటిది, వాన సరిగా కురియని యేట విత్తనమే దొరకదు. రెండవది, ప్రయాణములో చచ్చునవి అనేకములు. మూడవది అన్నిటికంటె కష్టమైనది. నదిలో పట్టిన పిల్లలు అన్ని జాతుల కలగలుపు. ఆ పసితనమున రోహు పిల్లయేదో, వాలుగ పిల్లయేదో గుర్తించుట మిక్కిలి కష్టము. పేదరైతు ఉన్న సొమ్మంతయు వెచ్చించి విత్తనము కొని చెఱువున పోసిన కొన్ని నెలలకు, వాలుగలు పెరిగి తక్కిన వానిని మ్రింగివేసిన సంగతి తెలియవచ్చును. తన పొలములో తాను చల్లునది వరియో గడ్డియో ఎఱుగని కర్షకుని స్థితి యెట్టిదో, నాటి చేపల పెంపకందారుని స్థితి అట్టిది.

చెఱువులో ఈ చేపలు గ్రుడ్లేల పెట్టవు? మేత చాలక కాదు. రోగము చేతను కాదు. కడుపులోని గ్రుడ్లు చాలవఱకు పక్వమయ్యే యుండును. పాఠశాలలో పిల్లలందఱు వచ్చి కూర్చుండియు, గంట మ్రోగనిదే పాఠము మొదలు కానట్లు, ఇచ్చట లేనిది సంకేతము మాత్రమే. నదిలో వరద, ప్రవాహము, క్రొత్తనీటి చల్లదనము చేపకు తెలియగనే ఆ వార్త మెదడునకు చేరును. మెదడు క్రిందిభాగమున ఎముకల గూటిలో ఒదిగి యున్న పీయూష గ్రంథికి అప్పుడు ఆజ్ఞ వెడలును. ఆ గ్రంథి ఆవగింజవలె మిక్కిలి చిన్నది. అయినను దానినుండి వెలువడు హార్మోను రక్తమున కలిసి బీజకోశములకు చేరినగాని గ్రుడ్లు సంపూర్ణముగా పండి బయటపడవు. నిలకడనీటి చెఱువున వరద లేదు గనుక ఆ స్రావము చాలినంతగా వెలువడదు. కొంతకాలమునకు ఆ గ్రుడ్లు తల్లి శరీరములోనే ఇంకిపోవును.

ఈ గ్రంథి యొక్క శక్తిని గుఱించిన జ్ఞానము ఒక్కరివలన వచ్చినది కాదు. దక్షిణ అమెరికాలోని అర్జెంటీనా దేశమున హుస్సే అను పండితుడు 1930 వ సంవత్సరమున, ఒక చేప గ్రంథిరసమును పిల్లలను కనెడి మఱియొక చేపకు ఎక్కించి, అది కాలమునకు ముందే ప్రసవించుట కనుగొనెను. పిమ్మట బ్రెజిల్ దేశమున వాన్ ఇహెరింగ్ అను నాతడును, ఆయన తోడివారును ఈ యుపాయముచే నదీ చేపలచే గ్రుడ్లు పెట్టించిరి. మన దేశమున 1938 ప్రాంతమున హమీద్ ఖాన్ అను శాస్త్రజ్ఞుడు క్షీరజంతువుల గ్రంథిరసముతో మృగాల్ చేపపై ప్రయత్నము చేసెను గాని, దానినుండి రైతునకు ఉపయోగించు పద్ధతి యేర్పడలేదు. తలుపు ఎచ్చట నున్నదో తెలిసినది; తెఱచు తాళపుచెవి మాత్రము మన చేపలకు దొరకలేదు.

హీరాలాల్ చౌధురి 1921 వ సంవత్సరము నవంబరు నెల 21 వ తేదీన సిల్హెట్టు ప్రాంతమున జన్మించెను. ఆ ప్రాంతము నేడు బంగ్లాదేశములో నున్నది. కలకత్తాలోని బంగబాసి కళాశాలలో చదివి పట్టభద్రుడై, కలకత్తా విశ్వవిద్యాలయమున జంతుశాస్త్రమునందు 1943 లో ఎం. ఎస్‌సి. పట్టమును పొందెను. తరువాత సిల్హెట్టులోని మురారిచంద్ కళాశాలలో ఉపన్యాసకుడుగా పని చేసెను. 1947 జూలై నెలలో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణము వలన సిల్హెట్టు జిల్లాలో అధికభాగము తూర్పు పాకిస్తానమున చేరెను. విభజనచే ఉద్యోగమును కోల్పోయిన ఆ యువకుడు భారతదేశమునకు వచ్చి, 1948 లో మంచినీటి మత్స్యములను పరిశోధించుటకై అంతకు ముందటి యేడు స్థాపింపబడిన కేంద్ర పరిశోధనాలయములో చిన్న యుద్యోగమున చేరెను. అధ్యాపకుడుగా నున్నవాడు సహాయకుడుగా మరల మొదటినుండి ప్రారంభింపవలసి వచ్చెను. ఆ మార్పును ఆయన అవమానముగా గాక అవకాశముగా స్వీకరించినట్లు ఆయన తరువాతి కృషియే చెప్పుచున్నది. పిమ్మట అమెరికాలోని ఆబర్న్ నగరమునకు పోయి, చెఱువుల పోషణమందు ప్రసిద్ధుడైన స్వింగిల్ ఆచార్యుని వద్ద శిక్షణము పొంది, 1955 లో అచ్చటి పట్టమును గూడ సంపాదించెను.

పెద్ద చేపలపై చేయి వేయుటకు ముందు ఆయన చిన్న చేపలపై పరీక్షలు జరిపెను. బొచ్చెచేప తలనుండి తీసిన గ్రంథిరసమును ఎసోమస్ అను వేలెడంత చేపకు ఎక్కించి, దానిచే గ్రుడ్లు పెట్టించినట్లు 1955 లో ప్రకటించెను. ఆ చిన్న చేపకు సంతలో విలువ లేదు. కాని దానివలన ఒక గొప్ప సత్యము రూఢి యయ్యెను. క్షీరజంతువుల గ్రంథి కంటె చేప గ్రంథియే చేపకు తగినది. అదియు పక్వమైన చేపనుండి తీసినదై యుండవలెను.

తదుపరి ఘట్టము ఒరిస్సా రాష్ట్రమున జరిగెను. అచ్చటి కటకములో చెఱువు చేపల పెంపకమును పరిశోధించు శాఖ యుండెను. కేరళీయుడైన కె. హెచ్. అలికున్హి అను శాస్త్రజ్ఞుడు చౌధురికి ఈ పనిలో తోడయ్యెను. ఆ రాష్ట్రమునందలి అంగుల్ అను చోట 1957 వ సంవత్సరము జూలై నెల 10 వ తేదీన, గ్రంథిరసము ఎక్కింపబడిన చేపలు నిలకడనీటిలోనే గ్రుడ్లు పెట్టెను. ఆ వానకాలమున మృగాల్, రోహు మున్నగు జాతులచే ఇట్లు గ్రుడ్లు పెట్టింపగలిగిరి. ఆ యేడే వా రిరువురును కలిసి ‘కరెంట్ సైన్స్’ అను పత్రికలో ఈ ఫలితములను ప్రకటించిరి. స్వస్థలమున ప్రజాభిప్రాయ సేకరణము జరిగిన పదియేండ్లకు, అదే జూలై నెలలో, చౌధురి తన క్రొత్త దేశమునకు ఈ కానుక నిచ్చెను.

ఆ విధానము చదువరులకు తెలియుటకై సంగ్రహముగా చెప్పెదను. పక్వమైన చేప తలను తెఱచి, గ్రంథిని జాగ్రత్తగా తీసి, మద్యసారములో నిలువ చేయుదురు. కావలసినప్పుడు దానిని నూఱి, నీటితోగాని పలుచని ఉప్పునీటితోగాని కలిపి, మడ్డిని వేఱుచేసి, పైనున్న తేట ద్రవమును సూదితో చేప కండలోనికి ఎక్కింతురు. ఆడచేపకు మొదట దాని బరువులో కిలో ఒక్కింటికి 2 లేక 3 మిల్లీగ్రాముల గ్రంథియు, సుమారు 6 గంటలకు పిమ్మట 5 మొదలు 8 మిల్లీగ్రాముల వఱకును ఇత్తురు. ఆ రెండవసారియే మగచేపకు ఒక్క చిన్న మోతాదు ఇత్తురు. ఒక యాడచేపకు రెండు మగచేపల చొప్పున, నీటిలో కఱ్ఱలకు కట్టిన ‘హాపా’ అను గుడ్డతొట్టెలో విడుతురు. కొన్ని గంటలలోనే గ్రుడ్లు పడును. కిలో బరువునకు సుమారు 2 లక్షల గ్రుడ్లు వచ్చుటయు కలదు. వెచ్చని వాననీటిలో అవి 14 మొదలు 18 గంటలలో పొదుగబడును. పుట్టిన పిల్ల సుమారు మూడు దినములు తన పొట్టలోని సొనతోనే బ్రతికి, ఆ తరువాత మేత వెదకుకొనును.

ఇచ్చట ఒక విషయము గమనింపదగినది. కడుపులో గ్రుడ్లు పండని చేపకు ఎంత మందు ఎక్కించినను ఫలితముండదు. మోతాదు మించినను, ఋతువు తప్పినను చెఱుపే కలుగును. సృష్టికర్త జీవులకు విధించిన క్రమమును చౌధురి దాటలేదు. ఆ క్రమములో లోపించిన ఒక్క మెట్టును గుర్తించి, దానిని మాత్రమే సమకూర్చెను. శాస్త్రము ప్రకృతిని బలవంతము చేయునని తలంచువారు ఈ దృష్టాంతమును మనస్సున నుంచుకొందురు గాక.

దీని ఫలితములు త్వరలోనే వ్యాపించెను. చీనాదేశపు గడ్డిచేపను, వెండిచేపను గూడ మన దేశమున 1962 లో ఈ విధముగనే ఫలింపజేసిరి. జాతి తెలిసిన విత్తనము దొరకుటచేత, పైనీటి మేతను తినెడి బొచ్చెను, నడిమినీటి శీలావతిని, అడుగున మేయు ఎఱ్ఱమోసును తగిన పాళ్ళలో ఒకే చెఱువున పెంచుట సాధ్యమయ్యెను. ఒకదాని మేతకు మఱియొకటి అడ్డురాదు. ఈ మిశ్రమ పెంపకమును దేశమంతట పరీక్షించుటకు 1971 లో ఒక అఖిలభారత పథకము ప్రారంభింపబడెను. 1980 తరువాతి కాలమున సిద్ధముగా నుండు హార్మోను మందులు వచ్చి, గ్రంథులను తీయు శ్రమయు చాలవఱకు తప్పినది. మన కృష్ణా గోదావరీ మండలములలో, ముఖ్యముగా కొల్లేటి చుట్టుపట్ల, వేలకొలది ఎకరములు చేపల చెఱువులైనవి. ఒకప్పుడు కలకత్తానుండి విత్తనపు కుండలు దేశము నలుమూలలకు పోయెడివి. నేడు మన జిల్లాలనుండి మంచుగడ్డలలో పేర్చిన చేపలు లారీలమీద ఆ బంగాళమునకే పోవుచున్నవి.

అయినను మేలు హద్దు మీఱిన కీడగును. కొల్లేటి గర్భమునందే చెఱువులు త్రవ్వుటచే సరస్సు కుంచించి, నీరు చెడి, పక్షులకును జాలరులకును హాని కలిగెను. తుదకు 2006 లో ప్రభుత్వము అభయారణ్యపు హద్దులోని చెఱువుల గట్లను కొట్టివేయింపవలసి వచ్చెను. విత్తనము సమృద్ధియైనంత మాత్రమున నేలయు నీరును సమృద్ధములు కావు. తరతరములుగా కొలది తల్లిచేపల సంతతినే వాడుట వలన జాతి బలము తగ్గునను భయమును గలదు. చౌధురి చూపిన త్రోవ ఎంత మంచిదైనను, దానిని నడచువారి వివేకమునుబట్టియే ఫలము.

చౌధురి ఒక్క విజయముతో తృప్తి చెంది కూర్చుండలేదు. వివిధ జాతుల చేపలను కలిపి సంకరజాతులను పుట్టించెను. ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ పక్షమున ఆసియా దేశములకు తన విద్యను పంచెను. 1970 తరువాతి దశకమున ఫిలిప్పీను దీవులలో, మన తీరమున పాలబొంత యని పిలువబడు సముద్రపు చేప గ్రుడ్లను ఫలింపజేయు పరిశోధనలలో పాల్గొనెను. 2014 వ సంవత్సరము సెప్టెంబరు నెలలో కోల్‌కతాలో తన 92 ఏండ్ల వయస్సున కాలధర్మము నొందెను. ఆయన విజయము లభించిన జూలై 10 వ తేదీని 2001 నుండి మన దేశము మత్స్యకర్షక దినముగా పాటించుచున్నది.

విద్యార్థులారా! జంతుశాస్త్రపు తరగతిలో చేప తలను కోసి చూచునప్పుడు, మెదడు క్రింద నున్న ఆ తెల్లని చిన్న గింజను నిర్లక్ష్యముగా ప్రక్కకు నెట్టకుడు. దానియందే కోట్లమంది యాహారము దాగి యుండెను. దానిని కనుగొన్న వారు మనవలెనే బల్లలయెదుట కూర్చుండి చదివినవారే. ఇల్లు విడిచి వచ్చినవాడు, విలువలేని చిన్న చేపతో పని మొదలిడినవాడు, తనకు ముందు విఫలులైన వారి శ్రమను తృణీకరింపక దానిపై నిలిచినవాడు హీరాలాల్ చౌధురి. ఈసారి మీ తల్లి బొచ్చెచేప పులుసు వడ్డించునప్పుడు ఆయనను ఒక్క నిమిషము స్మరింపుడు.