యంత్రం పక్కన నిలిచేది నర్సే
పలాస: ఉద్దానంలో మూత్రపిండాల జబ్బు ఇంటింటి మాట. కవిటి, సోంపేట, కంచిలి, మందస, వజ్రపుకొత్తూరు మండలాల పల్లెలను పీడిస్తున్న ఈ వ్యాధికి అసలు కారణం నేటికీ తేలలేదు. 2023 డిసెంబరులో పలాసలో 200 పడకల కిడ్నీ ఆసుపత్రి, పరిశోధన కేంద్రం ప్రారంభమయ్యాయి. యంత్రాలు వచ్చాయి. అయితే యంత్రం పక్కన నిలిచేది నర్సే.

డయాలసిస్ సాధారణంగా వారానికి మూడుసార్లు, నాలుగేసి గంటలు జరగాలి. ముందూ వెనుకా రోగి బరువు తూచి, ఎంత నీరు తీయాలో లెక్క కట్టాలి. నీటిని మరీ వేగంగా లాగితే రక్తపోటు పడిపోతుంది. కళ్లు తిరుగుతాయి, పిక్కలు పట్టేస్తాయి. దీన్ని ముందే పసిగట్టడం శిక్షణతో అబ్బే విద్య.

చేతిలో ధమనిని, సిరను కలిపి కుట్టిన ఫిస్టులా రోగికి ప్రాణాధారం. ఆ చేతికి బి.పి. పట్టీ చుట్టరాదు. సెలైన్ ఎక్కించరాదు. పరీక్షకు రక్తం తీయరాదు. ఈ సంగతి డయాలసిస్ నర్సుకు తెలిస్తే చాలదు. జ్వరం వస్తే రోగి వెళ్లే ఊరి ఆరోగ్య కేంద్రంలోనూ తెలియాలి.

పథ్యం చెప్పడమూ నర్సు పనే. కొబ్బరి తోటలకు పేరుబడ్డ ఉద్దానంలో బొండాం తాగవద్దని ఒప్పించడం తేలిక కాదు. కానీ కొబ్బరి నీళ్లలో పొటాషియం ఎక్కువ. చెడిన మూత్రపిండాలు దాన్ని బయటకు పంపలేవు. అది రక్తంలో పెరిగితే గుండె ఆగే ప్రమాదం వుంది. నీరసంగా వున్నాడని బంధువులు ప్రేమతో తెచ్చే బొండామే ముప్పు కావచ్చు.

డయాలసిస్ కేంద్రాల వారికే గాక, పల్లెల్లో పనిచేసే నర్సులు, ఎ.ఎన్.ఎం.లందరికీ ఈ శిక్షణ అందవలసిన అవసరం ఎంతైనా వుంది.