మీకు తెలుసా? రైలు లేని మండలంలో రైలు లెక్కలు

● రావికమతం మండలంలో రైలు పట్టాలే లేవు. రైలు ఎక్కాలంటే అనకాపల్లి పోవాలి. అయినా ఇక్కడి బడి పిల్లలకూ కాలం–దూరం లెక్కల్లో తరచూ ఎదురయ్యేది రైలే. 120 మీటర్ల రైలు గంటకు 36 కిలోమీటర్ల వేగంతో పోతూ 180 మీటర్ల ప్లాట్‌ఫారాన్ని ఎన్ని సెకన్లలో దాటుతుంది? గంటకు 18 కిలోమీటర్లంటే సెకనుకు 5 మీటర్లు, కాబట్టి 36 అంటే 10 మీటర్లు. ఇక్కడిదాకా బాగానే వస్తారు. ఆ తర్వాత 180ని 10తో భాగించి 18 అనేస్తారు. ఇంజను ప్లాట్‌ఫారం చివరికి చేరినా చివరి పెట్టె ఇంకా వెనకే ఉందిగా! అదీ దాటాలంటే రైలు 300 మీటర్లు పోవాలి, అంటే 30 సెకన్లు. బల్ల మీద స్కేలు పెట్టి, దాని పక్కనే పెన్సిల్ని జరుపుతూ మొన ఎక్కడుంది, తోక ఎక్కడుంది అని అడగండి. సూత్రం చెప్పకుండానే పిల్లలు రెండు పొడవులూ కూడతారు.

● చోడవరం నుంచి ఒక ఆటో, రావికమతం నుంచి ఒక ఆటో ఒకేసారి ఎదురెదురుగా బయల్దేరితే ఎప్పుడు కలుస్తాయి? దూరాన్ని వేగాల మొత్తంతో భాగించాలి. ఒకే దిక్కున పోతూ ఒకటి రెండోదాన్ని అందుకోవాలంటే వేగాల తేడాతో భాగించాలి. ఈ రెండు సంగతులనూ ఆర్యభటుడు క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో, గణితపాదం 31వ శ్లోకంలో చెప్పేశాడు.

● ఇలాంటి పాత లెక్కల్లో నాకు బాగా నచ్చేది మహావీరాచార్యుడి పాము లెక్క. 9వ శతాబ్దంలో, రాష్ట్రకూట అమోఘవర్షుడి కాలంలో, ఆయన రాసిన గణితసారసంగ్రహంలో ఉంది. 80 అంగుళాల నల్లపాము పుట్టలోకి దూరుతోంది. రోజును 14 భాగాలు చేస్తే, 5 భాగాల సమయంలో ఏడున్నర అంగుళాలు లోపలికి పోతుంది. ఈలోగా బయట దాని తోక పెరుగుతూనే ఉంది, పావు రోజుకు రెండుముప్పావు అంగుళాల చొప్పున! మొత్తం పాము లోపలికి పోయేదెప్పుడు? అంకెలు చూసి బెదరకుండా, రోజుకు ఎంతో తేల్చుకుంటే చాలు. లోపలికి పోయేది రోజుకు 21, పెరిగేది 11. నికరంగా 10. అంటే 8 రోజులు. ఈ రకం లెక్కలన్నిటికీ ముందు వేసుకోవాల్సిన ప్రశ్న ఇదేనని నా గట్టి నమ్మకం: రోజుకు ఎంత? గంటకు ఎంత?

● గణితసారసంగ్రహాన్ని 11వ శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. తెలుగులో తొలి గణిత గ్రంథం అదే.

● కుళాయిలు, తొట్టి లెక్కా పాతదే. 1150 నాటి లీలావతి అనే గణిత గ్రంథంలో నాలుగు ధారలున్నాయి. విడివిడిగా అయితే ఒకటి రోజులో, ఒకటి అర రోజులో, ఒకటి రోజులో మూడోవంతులో, ఒకటి ఆరోవంతులో తొట్టిని నింపుతాయి. కాలాలు కూడితే దారి తప్పినట్టే. రోజుకు ఎన్ని తొట్లో కూడాలి: 1+2+3+6, మొత్తం 12. నాలుగూ కలిసి వదిలితే తొట్టి నిండేది 2 గంటల్లో, పాత లెక్కలో 5 ఘడియల్లో.

● రావికమతం నుంచి చోడవరానికి గంటకు 30 కిలోమీటర్ల వేగంతో వెళ్లి, 20తో తిరిగొస్తే సగటు వేగం 25 కాదు, 24. దూరం ఎంతైనా జవాబు మారదు. కాబట్టి పిల్లలు తమకు వీలైన దూరం, 60 కిలోమీటర్లు అనుకోవచ్చు. పోవడానికి 2 గంటలు, రావడానికి 3. మొత్తం 120 కిలోమీటర్లకు 5 గంటలు. నెమ్మదిగా నడిపిన సమయమే ఎక్కువ కాబట్టి సగటు అటువైపు మొగ్గింది.