వర్ణమెట్టు నుంచి మూడు భాషలకు: ‘హాయి హాయిగా ఆమని సాగే’ యుగళగీతం, దాని రూపాంతరాలు

వ్యాససంగ్రహం:
‘సువర్ణసుందరి’ (1957) చిత్రంలోని ‘హాయి హాయిగా ఆమని సాగే’ యుగళగీతం తమిళ, హిందీ భాషల్లోనూ అదే బాణీలో వెలువడింది. తెలుగు, హిందీ సాహిత్యాలను రాగమాలిక నిర్మాణంతో పోల్చి, ఒక పాటకు ‘మూలం’ అంటే ఏమిటనే ప్రశ్నను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. సినీగీత పరిశోధనలో సాహిత్యపాఠంతోపాటు బాణీని కూడా ఆకరంగా గ్రహించవలసిన అవసరాన్ని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: వర్ణమెట్టు, రాగమాలిక, సినీగీతం, అనుసృజన, ఆదినారాయణరావు, సువర్ణసుందరి.

1. ప్రవేశిక

తెలుగు సినీగీతాలపై జరిగే సాహిత్య పరిశోధన ప్రధానంగా అచ్చులో ఉన్న పాఠాన్ని ఆధారం చేసుకుంటుంది. అలంకారాలు, రసపోషణ, పదబంధాలు, ఛందోరీతులు అన్న శీర్షికల కింద గీతాన్ని పద్యంలాగే విశ్లేషిస్తుంది. ఈ పద్ధతి వల్ల ప్రయోజనం లేకపోలేదు. అయితే బాణీ ముందుగా ఏర్పడి, మాటలు దానిలో ఒదిగిన పాటల విషయంలో ఈ పద్ధతి సగం వస్తువును మాత్రమే చూడగలుగుతుంది. ఒకే బాణీ రెండు మూడు భాషల్లో పాటగా మారినప్పుడు ఈ లోపం మరింత స్పష్టమవుతుంది. అప్పుడు ఏది మూలం, ఏది అనుకరణ అన్న ప్రశ్నకు అచ్చుపాఠం ఒక్కటే సమాధానం చెప్పలేదు. ఈ ప్రశ్నను పరిశీలించడానికి ‘హాయి హాయిగా ఆమని సాగే’ అన్న ప్రణయగీతం అనువైన ఉదాహరణ.

2. వర్ణమెట్టు: పాత సంప్రదాయం

ఒకరి బాణీకి మరొకరు మాటలు కూర్చడం సినిమాతో పుట్టిన అలవాటు కాదు. పూర్వగేయపు నడకను ఆధారం చేసుకొని కొత్త సాహిత్యం రచించేటప్పుడు ఆ నడకను మనవారు ‘వర్ణమెట్టు’ అన్నారు. రంగస్థల నాటకాల అచ్చుప్రతుల్లో పాట పైన ఫలానా పాట మట్టు అని సూచించడం పరిపాటి. నటుడికి ఆ ఒక్క సూచనే స్వరలిపి. శాస్త్రీయ సంగీతంలోనూ దీనికి ప్రసిద్ధమైన ఉదాహరణ ఉంది. ముత్తుస్వామి దీక్షితులు పాశ్చాత్య బ్యాండు బాణీలకు సంస్కృత సాహిత్యం కూర్చి నొట్టుస్వర సాహిత్యాలను రచించారు. వాటిలో ‘సంతతం పాహిమాం’ అన్న కృతి ఆంగ్లేయుల రాజగీతపు బాణీలో నడుస్తుంది. ఆ కృతిని ఎవరూ అనుకరణ అని తీసివేయలేదు. బాణీ పరాయిదైనా, సాహిత్యం దానికి కొత్త జన్మనిచ్చిందని సంప్రదాయం అంగీకరించింది.

కనుక ‘ఇది ఎవరి బాణీ?’ అన్న ప్రశ్న దగ్గరే ఆగిపోకూడదు. ‘ఈ బాణీలో ఈ భాష ఏం చేసింది?’ అని కూడా అడగాలి.

3. గోదావరి రంగస్థలం నుంచి చిత్రసీమకు

ఈ పాట స్వరకర్త పి. ఆదినారాయణరావు. కథానాయిక అంజలీదేవి ఆయన సతీమణి. వీరిద్దరి కళాజీవితానికి పునాది పడింది కాకినాడలో. అంజలీదేవి జన్మస్థలం పెద్దాపురం. కాకినాడ యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాలలో ఆమె నటించారు. ‘స్ట్రీట్ సింగర్స్’ నాటకంలో ఆమె నటనను చూసిన దర్శకుడు సి. పుల్లయ్య ‘గొల్లభామ’ (1947) చిత్రంలో అవకాశమిచ్చారు. ఎస్. వి. రంగారావు వంటి నటుడూ ఆ క్లబ్బు వేదికపై రాణించినవారే.

ఈ నేపథ్యం పాట సంగీతానికి కూడా వర్తిస్తుంది. గోదావరి మండలంలో నాటకసంగీతం చాలాకాలం నుంచి హిందుస్తానీ రాగాలతో పరిచయం కలిగి ఉంది. 1880 ప్రాంతంలో ధార్వాడ నాటక సమాజం రాజమహేంద్రవరంలో ప్రదర్శనలిచ్చిన వెనువెంటనే కందుకూరి వీరేశలింగం అక్కడ తెలుగు నాటక ప్రదర్శనలు మొదలుపెట్టించడం సాహిత్యచరిత్రలో ప్రసిద్ధం. ఆ సమాజాల వెంట వచ్చిన ఉత్తరాది బాణీలు తెలుగు నాటకాల్లో స్థిరపడ్డాయి. ద్రాక్షారామానికి పొరుగునే ఉన్న కాకినాడ నాటకరంగంలో ఎదిగిన సంగీతకారుడికి హిందుస్తానీ రాగం పరాయి వస్తువు కాకపోవడం సహజమే.

అంజలీ పిక్చర్స్ నిర్మించిన ‘అనార్కలి’ (1955) చిత్రంలో జిక్కి పాడిన ‘జీవితమే సఫలము’ పాటకు, సి. రామచంద్ర స్వరపరిచిన హిందీ ‘అనార్కలీ’ (1953) చిత్రంలోని ‘ఏ జిందగీ ఉసీకీ హై’ బాణీ ఆధారం. అప్పుడు బాణీ హిందీ నుంచి తెలుగుకు వచ్చింది. రెండేళ్ళ తరువాత అదే సంస్థ, అదే స్వరకర్త, అదే దర్శకుడు వేదాంతం రాఘవయ్య కలిసి చేసిన ‘సువర్ణసుందరి’లో ప్రయాణం ఎదురుదిశలో సాగింది. సముద్రాల రాఘవాచార్య సాహిత్యాన్ని ఘంటసాల, జిక్కి తెలుగులో పాడారు. తమిళ రూపమైన ‘మణాళనే మంగయిన్ బాగ్యం’లో ‘దేసులావుదే’ అన్న పల్లవితో ఘంటసాల, పి. సుశీల పాడారు. హిందీ రూపంలో భరత్ వ్యాస్ రచించిన ‘కుహూ కుహూ బోలే కోయలియా’ను మహమ్మద్ రఫీ, లతా మంగేష్కర్ పాడారు. బాణీని తెచ్చుకున్న స్వరకర్తే తన బాణీని ఉత్తరాదికి పంపాడు. అరువును, సృజనను రెండు వేర్వేరు వ్యక్తిత్వాలకు అంటగట్టడం సరికాదని ఈ ఒక్క జీవితమే నిరూపిస్తుంది.

4. రాగమాలిక నిర్మాణం

ఈ పాట సోహిని, బహార్, జౌన్‌పురి, యమన్ రాగాల మాలిక. పల్లవి సోహినిలో ఉంటుంది. పంచమం లేని ఈ రాగం తారాస్థాయిలో ఎక్కువగా సంచరిస్తుంది. కర్ణాటక సంగీతంలోని హంసానందికి ఇది సన్నిహితం. తరువాతి రాగం బహార్. ఆ పేరుకే వసంతమని అర్థం. మూడవది గాంధార, ధైవత, నిషాదాలు కోమలమైన జౌన్‌పురి. చివరిది మన కల్యాణికి దగ్గరైన యమన్.

హిందుస్తానీ సంప్రదాయంలో సోహినికి రాత్రి చివరి జాము, జౌన్‌పురికి ఉదయం, యమన్‌కు రాత్రి తొలి జాము నియతమైన వేళలు. మాలికలోని క్రమం ఈ వేళలను అనుసరించదు. అంటే స్వరకర్త గడియారాన్ని పక్కనపెట్టి, వర్ణ్యవస్తువును బట్టి రాగాలను ఎంచుకున్నాడని భావించవచ్చు. ఆ వర్ణ్యవస్తువు ఏమిటో సాహిత్యాలను పోల్చినప్పుడు తెలుస్తుంది.

5. రెండు సాహిత్యాలు, ఒకే చిత్రపటం

తెలుగు, హిందీ పాఠాలను పక్కపక్కన పెడితే, ఒకటి మరొకదానికి పదానుపద అనువాదం కాదని మొదటి పాదంలోనే తెలిసిపోతుంది. అయినా రెండింటి చిత్రక్రమం ఒక్కటే. బహార్ భాగంలో రెండు భాషల్లోనూ వసంతశోభ వర్ణితమైంది. తెలుగులో గాలికి ఊగే పువ్వులు కనిపిస్తే, హిందీలో ఋతువే అలంకరించుకున్న యువతిగా వస్తుంది. జౌన్‌పురి భాగంలో మబ్బు, మెరుపు వస్తాయి. యమన్ భాగంలో శరత్కాలపు వెన్నెల వస్తుంది. రాత్రి తొలి జామున పాడే రాగంలో చంద్రోదయ వర్ణన పడడం రెండు భాషల కవులకూ ఉమ్మడిగా దక్కిన ఔచిత్యం.

భేదం సూక్ష్మాంశాల్లో ఉంది. జౌన్‌పురి భాగాన్నే చూద్దాం. తెలుగులో మెరుపుతీగ నాయిక. మేఘరాజును చేరి మురిసిపోవడం ఆమె చేష్ట. హిందీలో మేఘరాజు నల్లమబ్బు అనే నాయికను ముద్దాడడం వల్ల మెరుపు మెరిసిందేమోనని ఊహ. రెండూ ఉత్ప్రేక్షలే. సందేహవాచకం రెండింటిలోనూ ఉంది. కాని తెలుగులో మెరుపే పాత్ర, హిందీలో మెరుపు ఫలితం మాత్రమే. తెలుగు ఉత్ప్రేక్షలో చొరవ నాయికది, హిందీలో నాయకుడిది. ఒకే స్వరవరుసపై, ఒకే వస్తువుతో ఇద్దరు కవులు రెండు వేర్వేరు శృంగార సంవిధానాలను నిర్మించారు. దీనిని అనువాదం అనడం కన్నా అనుసృజన అనడం సమంజసం.

పల్లవిలోని ధ్వనిభేదం కూడా గమనార్హం. తెలుగు పల్లవి ‘హా’ అన్న వివృత దీర్ఘంతో మొదలవుతుంది. గాయకుడి గొంతు విప్పారుతుంది. మాటకు అర్థం సుఖానుభూతి. హిందీ పల్లవి కోకిల కూతకు అనుకరణమైన ఉకారంతో మొదలవుతుంది. పెదవులు ముడుచుకుంటాయి. స్వరమే కూతగా మారుతుంది. తెలుగులో మనసు స్థితి ముందు వచ్చి ప్రకృతి తరువాత వస్తుంది. హిందీలో ప్రకృతి ముందు పలికి మనసు తరువాత స్పందిస్తుంది. ఈ వ్యత్యాసం అచ్చుపాఠంలో అంతగా కనిపించదు. వినికిడిలోనే తేటపడుతుంది.

6. అనువాదం కాని భాగం

ఈ పాటలో స్వరకల్పన భాగాలున్నాయి. రెండు భాషల్లోనూ గాయకులు స్వరాక్షరాలనే పాడారు. వాటికి భాష లేదు, అనువాదం అవసరం లేదు. పాట ఏ భాషలోకి వెళ్ళినా చెక్కుచెదరకుండా ప్రయాణించింది ఈ భాగమే. నేటికీ పాటల పోటీ వేదికలపై గాయకులకు పరీక్షగా నిలిచేదీ ఇదే.

ప్రపంచ సంగీతంలో దీనికి పోలిక ఉంది. అమెరికాలో నల్లజాతి యువకుల గాత్రబృందాల నుంచి ‘డూవాప్’ అన్న ప్రణయగీత శైలి రూపొందింది. అర్థం లేని అక్షరాలను వెనుకనుంచి వంతగా పలకడం దాని ప్రత్యేకత. ‘ఐ ఓన్లీ హావ్ ఐస్ ఫర్ యూ’ 1934లో ‘డేమ్స్’ అనే చలనచిత్రం కోసం హ్యారీ వారెన్, ఆల్ డూబిన్ కూర్చిన పాట. 1959లో ‘ఫ్లెమింగోస్’ బృందం దానిని డూవాప్ శైలిలో మళ్ళీ పాడింది. అనేకమంది శ్రోతలకు ఆ పాట అంటే ఫ్లెమింగోస్ పాటే. ఆ రూపాన్ని గుర్తుండేలా చేసినవాటిలో నిరర్థకాక్షరాల వంత ముఖ్యమైనది. మన పాటలోని స్వరాక్షరాలు శాస్త్రనియతమైనవి, డూవాప్ వంతలు స్వేచ్ఛగా పుట్టినవి. అయినా ప్రేమను చెప్పడంలో మాట ఆగినచోట నాదం అందుకుంటుందన్న సూత్రం రెండింటికీ సమానం.

తరువాతి రూపం ముందటి రూపాన్ని మరిపించడం కూడా రెండింటికీ సమానమే. తెలుగేతర శ్రోతలలో చాలామందికి ఈ బాణీ ‘కుహూ కుహూ’గానే పరిచయం. దీనికి నొచ్చుకోవలసిన పని లేదు. కాని పరిశోధకులు కాలక్రమాన్ని, స్వరకర్త పేరును నమోదు చేయకపోతే, వ్యాప్తి ఎక్కువైన రూపమే మూలంగా స్థిరపడుతుంది.

7. ముగింపు

ఈ పరిశీలన వల్ల మూడు విషయాలు తేలుతున్నాయి. ఒకటి, బహుభాషా సినీగీతానికి మూలం ఏదో ఒక భాషలోని పాఠం కాదు. రాగమాలిక, చిత్రక్రమం కలిసిన ఉమ్మడి నిర్మాణమే మూలం. రెండు, ఆ నిర్మాణంలో కవి స్వేచ్ఛ పరిమితమైనా, నాయికను పాత్రగా నిలపడమా, ఫలితాన్ని మాత్రమే చూపడమా అన్న నిర్ణయం వంటి కీలకాంశాలు కవి చేతిలోనే ఉన్నాయి. మూడు, ఈ రెండింటినీ చూడాలంటే పరిశోధకుడి ముందు అచ్చుపాఠంతోపాటు ధ్వనిముద్రణ కూడా ఉండాలి.

సినీగీతాలపై సిద్ధాంతగ్రంథం రాసే విద్యార్థి ఆకరసూచిలో కవి పేరుతోపాటు స్వరకర్త, గాయకులు, రాగం, ఇతర భాషారూపాలు నమోదు చేయడం చిన్న పనే. అది జరగనప్పుడు సముద్రాల కవిత్వం మాత్రమే చరిత్రలో మిగులుతుంది. ఆ కవిత్వానికి అచ్చు పోసిన ఆదినారాయణరావు వంటి స్వరకర్త మరుగున పడిపోతాడు. క్షేత్రయ్య పదాన్ని రాగం తీసివేసి చదివితే ఏం పోతుందో మనకు తెలుసు. ఆ ఎరుకను సినీగీతానికీ వర్తింపజేయడం తెలుగు శాఖలు చేపట్టదగిన పని.